స్కేలు తేడా వచ్చిందా? అర్జీ రాసేముందు ఎస్సార్ తెరవండి

‘నాకంటే వెనకొచ్చినవాడు నెలకు 1,350 ఎక్కువ తీసుకుంటున్నాడండీ, ఇది అన్యాయం కాదూ?’ ఎస్టాబ్లిష్‌మెంట్ సెక్షన్‌లో కూర్చున్నన్నాళ్లూ నేను విన్న మాటల్లో సగం ఇవే. రిటైరయ్యాక కూడా వింటూనే ఉన్నాను, కాకపోతే ఇప్పుడు ఆఫీసు బల్ల దగ్గర కాదు, ఇంటి అరుగు మీద. అన్యాయమో కాదో తర్వాత చూద్దాం, ముందు ఎస్సార్ (సర్వీసు రిజిస్టరు) తెచ్చారా అని అడుగుతాను. తెచ్చినవాళ్లు తక్కువ. పదిహేనేళ్ల సర్వీసు ఉండి కూడా తన సర్వీసు రిజిస్టరు మొదటి పేజీ నుంచి చివరిదాకా ఒక్కసారీ తిప్పని వాళ్లు కొల్లలు.

ఇక్కడ రాసేది ఆంధ్రప్రదేశ్, తెలంగాణ రాష్ట్ర ఉద్యోగుల కోసం. ఉదాహరణలు ఎక్కువగా టీచర్లవే ఇస్తున్నాను. చదువుకీ స్కేలుకీ ముడిపడ్డ తగాదాలు వాళ్ల దగ్గర ఉన్నన్ని ఇంకే శాఖలోనూ నేను చూడలేదు. ఫండమెంటల్ రూల్సు మాత్రం జూనియర్ అసిస్టెంటుకైనా ఇంజనీరుకైనా అవే.

ముందు గొడవ ఏ రకమో తేల్చుకోండి

స్కేలు గొడవ అని అందరూ ఒకే పేరు పెడతారు గానీ, అందులో వేరువేరు జబ్బులున్నాయి, ఒక్కోదానికి ఒక్కో వైద్యుడు. ఫిక్సేషన్‌లో, అంటే మీ బేసిక్ ఎంతో నిర్ణయించడంలో, లెక్క తప్పితే మీ డీడీవో (జీతం బిల్లు పెట్టే అధికారి) దగ్గరే తేలుతుంది. మీ డిగ్రీ గానీ డిపార్ట్‌మెంటల్ టెస్టు గానీ ఒప్పుకోవడం లేదంటే నియామకాధికారి దగ్గరికి వెళ్లాలి. జూనియర్‌కి ఎక్కువ వస్తోందంటే దానికి స్టెప్పింగ్ అప్ (సీనియర్ బేసిక్‌ని జూనియర్‌తో సమానం చేయడం) అని వేరే దారి ఉంది, దాని షరతులు వేరు. ఇవేవీ కాక, అసలు మా పోస్టుకు పెట్టిన స్కేలే తక్కువ అన్నది మీ బాధ అయితే అది పీఆర్సీ (వేతన సవరణ సంఘం) ముందు తేలాల్సిన విషయం. మీ డీడీవోకి వంద అర్జీలు పెట్టినా ఆయన చేతిలో ఏమీ ఉండదు.

తప్పు తలుపు తట్టి నాలుగేళ్లు పోగొట్టుకున్నవాళ్లను చూశాను. ఒకాయన ఫిక్సేషన్ తప్పుని పట్టుకుని నేరుగా సెక్రటేరియట్‌కి రాశాడు. అది కిందికి వచ్చి, మళ్లీ పైకి వెళ్లి, ‘రిమార్కులు పంపండి’ అని మళ్లీ కిందికి వచ్చింది. డీడీవో పది నిమిషాల్లో చేయాల్సిన పని అది.

ఎస్సార్ చేతికి తెచ్చుకోవడం

ఎస్సార్ డీడీవో దగ్గర ఉంటుంది. చూపించమని అడిగే హక్కు మీకుంది. మర్యాదగా ఒక చిన్న కాగితం రాసి ఇస్తే ఎక్కువచోట్ల చూపిస్తారు. వెళ్లినప్పుడు ఫోనుతో ప్రతి పేజీ ఫొటో తీసుకోండి, ఖాళీ పేజీలతో సహా. ఖాళీ పేజీలెందుకంటారా? రేపు అక్కడ ఏదైనా ఎంట్రీ కొత్తగా పుట్టుకొస్తే అది ఎప్పుడు పుట్టిందో మీ దగ్గర ఆనవాలుంటుంది.

చూపించకపోతే సమాచార హక్కు చట్టం ఉంది. మండల స్థాయి కార్యాలయమైతే 5 రూపాయలు, ఆపై స్థాయి అయితే 10 రూపాయల ఫీజుతో ‘నా సర్వీసు రిజిస్టరు పూర్తి నకలు, నా ఫిక్సేషన్ ప్రొసీడింగ్స్, దానికి సంబంధించిన నోట్ ఫైలు’ అని అడగండి. 30 రోజుల్లో జవాబు రావాలి. రాకపోతే మరో 30 రోజుల్లోపు అప్పీలు చేసుకోవచ్చు. నోట్ ఫైలు అడగడం మరిచిపోవద్దు. మీ అర్జీ మీద సెక్షన్‌లో ఎవరు ఏం రాశారో, ఎక్కడ ఆగిందో బయటపడేది అందులోనే. ఇంకొకరి ఎస్సార్ నకలు అడిగితే మాత్రం వ్యక్తిగత సమాచారం అని తిప్పి పంపుతారు. జూనియర్‌తో పోలిక కావాలంటే అతని ప్రమోషన్, ఫిక్సేషన్ ఉత్తర్వుల నకళ్లు అడగడం తెలివైన పని.

ఎస్సార్‌లో చూడాల్సినవి: చేరిన తేదీ, రెగ్యులరైజేషన్ తేదీ, ప్రతి పీఆర్సీలో ఏ స్టేజి (స్కేలులో మెట్టు) దగ్గర పెట్టారు, ఏ తేదీ నుంచి, మీరిచ్చిన ఆప్షన్ అతికించి ఉందా, పాసైన టెస్టులు నోటిఫికేషన్ నంబరుతో ఎక్కించారా, సర్వీసులో ఉండగా చదివిన డిగ్రీకి అనుమతి తీసుకున్నట్టు ఉందా, జీతం లేని సెలవులు ఇంక్రిమెంటుని ఎంత జరిపాయి. ఇవన్నీ చూస్తూ ఒక తెల్లకాగితం మీద ఒక్కో తేదీకి ఒక్కో లైను రాసుకోండి. ఎడమవైపు తేదీ, మధ్యలో జరిగింది, కుడివైపు అప్పటి బేసిక్. సగం కేసులు ఈ కాగితం రాసేసరికే తేలిపోతాయి. ‘ఓహో, నా ఇంక్రిమెంటు జరిగింది ఆ మూడు నెలల సెలవు వల్లా!’ అని నవ్వుకుంటూ వెళ్లినవాళ్లూ ఉన్నారు.

లెక్క మీరే వేయండి

టీచర్లకు ఎక్కువ తేడా వచ్చేది ఎస్‌జీటీ (సెకండరీ గ్రేడ్ టీచర్) నుంచి స్కూల్ అసిస్టెంటుగా ప్రమోషన్ వచ్చినప్పుడు. ఆంధ్రప్రదేశ్‌లో 2022 స్కేళ్ల ప్రకారం ఎస్‌జీటీది 32,670–1,01,970, స్కూల్ అసిస్టెంటుది 44,570–1,27,480. తెలంగాణలో 2020 స్కేళ్లలో ఇవే 31,040–92,050, 42,300–1,15,270. కొత్త స్కేలులో మీ బేసిక్ ఎక్కడ పెట్టాలన్నది ఫండమెంటల్ రూల్సులోని 22వ రూలు, అంటే ఎఫ్ఆర్ 22, చెబుతుంది.

బాధ్యత పెరిగిన పోస్టుకు మామూలు ప్రమోషన్ వస్తే ఎఫ్ఆర్ 22(బి). పాత స్కేలులో ఒక ఇంక్రిమెంటు ఊహగా కలపాలి, వచ్చిన అంకెకు పై స్టేజి కొత్త స్కేలులో ఇవ్వాలి. ఉదాహరణకి ఆంధ్రలో మీ బేసిక్ 45,830 అనుకోండి. ఒక ఇంక్రిమెంటు 1,260 కలిపితే 47,090. దానికి పై స్టేజి 48,440. అంటే మీకు రావాల్సింది 48,440. ఎఫ్ఆర్ 22(ఎ)(ఐ) కింద అయితే ఊహ ఇంక్రిమెంటు ఉండదు, ఉన్న బేసిక్‌కి పై స్టేజి మాత్రమే, అంటే 47,090. ఈ రెంటికీ తేడా 1,350. నా అరుగు మీదికొచ్చే పోట్లాటల్లో ఎక్కువ భాగం ఈ 1,350 చుట్టూ తిరిగేవే.

మరి ఎవరికి ఏది? ఆటోమేటిక్ అడ్వాన్స్‌మెంట్ పథకంలో (ఏఏఎస్; కొన్నేళ్లకోసారి పై స్కేలు ఇచ్చేది, దీని సంగతి కింద ఉంది) ఆరేళ్ల స్కేలు వరకే తీసుకున్నవారికి ప్రమోషన్‌లో 22(బి) వర్తిస్తుంది. 12 ఏళ్ల స్కేలు తీసుకున్నాక ప్రమోషన్ వస్తే 22(ఎ)(ఐ). పై పోస్టు స్కేలు ముందే అనుభవిస్తున్నారు కదా, రెండోసారి లాభం ఎందుకన్నది దాని వెనకున్న తర్కం. 12 ఏళ్ల స్కేలు పొందినవారికి పొరపాటున 22(బి) వేసిన ఆఫీసులున్నాయి. ఆ రోజు ఎవరూ మాట్లాడరు. పదేళ్ల తర్వాత ఆడిట్ మాట్లాడుతుంది. దాని సంగతి కిందికి వస్తాను.

ఇక ఆప్షన్. ప్రమోషన్ వచ్చిన నెలలోపు ఇవ్వాల్సిన కాగితం ఇది, చాలామంది పార్టీ ఇవ్వడంలో మునిగి దీన్ని మరిచిపోతారు. మీ ఇంక్రిమెంటు ఆగస్టు 1న ఉంది, ప్రమోషన్ జూన్ 10న వచ్చింది అనుకుందాం. ఆప్షన్ ఇవ్వకపోతే చేరిన రోజునే 48,440 వేస్తారు, తర్వాతి ఇంక్రిమెంటు మళ్లీ జూన్‌లో, అప్పటికి 49,790. అదే, ‘నా ఇంక్రిమెంటు తేదీ నుంచి 22(బి) వర్తింపజేయండి’ అని ఆప్షన్ ఇస్తే, జూన్ 10న ముందు 47,090 వేస్తారు. ఆగస్టు 1న పాత పోస్టులో మీ బేసిక్ 47,090 అయ్యేది, దానికి ఊహ ఇంక్రిమెంటు కలిపితే 48,440, పై స్టేజి 49,790. ఆగస్టు నుంచి 49,790, వచ్చే ఆగస్టుకి 51,140. అంటే రెండు నెలలు కూడా నిండని కాలానికి 1,350 వదులుకుంటే ఏడాదిలో పది నెలలు 1,350 ముందుంటారు, ఏటా. డీఏ, ఇంటద్దె దీనిమీద అదనం.

మీ ఇంక్రిమెంటు మే నెలలోనే అయిపోయి జూన్‌లో ప్రమోషన్ వస్తే లెక్క తిరగబడుతుంది. పదకొండు నెలలు ఆగడం దండగ, చేరిన రోజు నుంచే వేయించుకోవడం మేలు. కాబట్టి పక్కవాళ్ల ఆప్షన్ చూసి కాపీ కొట్టకండి, ఎవరి ఇంక్రిమెంటు నెల వారిది. ఇచ్చిన ఆప్షన్‌కి ఇన్వర్డ్ నంబరు వేయించుకున్న నకలు దగ్గర పెట్టుకోండి. ‘ఆయన ఆప్షన్ ఇవ్వలేదు’ అని ఆఫీసు అన్న రోజున ఆ నంబరే మీ సాక్షి.

జూనియర్‌కి ఎక్కువొస్తోందంటే

పైన చెప్పిన ఆప్షన్ తేడా వల్ల, పీఆర్సీకి ముందు ఒకరు, తర్వాత ఒకరు ప్రమోషన్ పొందడం వల్ల, సీనియర్ కింద పడిపోవడం జరుగుతుంది. సరిచేయడానికి స్టెప్పింగ్ అప్ ఉంది గానీ, జూనియర్‌కి ఎక్కువుంది అన్న ఒక్క మాట చాలదు. ఇద్దరూ ఒకే కేడర్‌లో ఉండి, ఒకే పోస్టుకి ప్రమోట్ అయి ఉండాలి. కింది పోస్టు స్కేలూ పై పోస్టు స్కేలూ ఇద్దరికీ ఒకటే ఉండాలి. కింది పోస్టులో ఉన్నప్పుడు సీనియర్ బేసిక్ జూనియర్‌తో సమానంగానో ఎక్కువగానో ఉండి ఉండాలి. తేడా నేరుగా ఫిక్సేషన్ రూలు వల్లే పుట్టి ఉండాలి. జూనియర్‌కి కింద ఉన్నప్పుడే అదనపు ఇంక్రిమెంటు ఏదో వచ్చి ఉంటే, లేదా మీ ఇంక్రిమెంటు సెలవు వల్ల జరిగి ఉంటే, ఈ దారి మూసుకుపోతుంది.

1997లో ఆర్. స్వామినాథన్ కేసులో సుప్రీంకోర్టు ఇదే చెప్పింది. జూనియర్‌కి ముందుగా తాత్కాలిక ప్రమోషన్ దొరికి, ఆ కాలపు ఇంక్రిమెంట్ల వల్ల జీతం పెరిగితే అది అసమానత కాదు, సీనియర్‌కి పెంచనక్కర్లేదు అంది. కనుక అర్జీకి ముందు ఇద్దరి తేదీలనూ పక్కపక్కన రాసుకుని, కింది పోస్టులో చివరి నెల ఇద్దరి బేసిక్ ఎంతో చూడండి. అక్కడ మీది తక్కువైతే నా సలహా, ఆ రోజే వదిలేయండి.

మీ డిగ్రీ చెల్లదంటే

బాగా నలిగిపోయేది ఇక్కడే. ఎందుకంటే మనిషి చదివాడు, ఫీజు కట్టాడు, పరీక్ష రాశాడు, పట్టా గోడకి తగిలించుకున్నాడు. ఆఫీసు మాత్రం చెల్లదంటుంది.

మొదట కారణం రాతపూర్వకంగా తీసుకోండి. నోటితో ‘మీ యూనివర్సిటీ మంచిది కాదటండీ’ అంటే సరిపోదు. కారణాలు మామూలుగా ఇవి: దూరవిద్యలో ఆ కోర్సుకి ఆ సంవత్సరానికి గుర్తింపు లేదు, యూనివర్సిటీ తన పరిధి దాటి వేరే రాష్ట్రంలో సెంటరు నడిపింది, ఒకే కాలంలో రెండు రెగ్యులర్ డిగ్రీలు చేశారు, సబ్జెక్టు కలవలేదు, అనుమతి తీసుకోలేదు, అసలు సర్టిఫికెట్టే నకిలీ. చివరిది తప్ప మిగిలినవన్నీ వాదించదగ్గవే.

దూరవిద్య విషయంలో గుర్తింపు యూనివర్సిటీ పేరుకి కాదు, కోర్సుకీ సంవత్సరానికీ ఉంటుంది. 2013 వరకు దూరవిద్యా మండలి, ఆ తర్వాత యూజీసీ వారి దూరవిద్యా విభాగం ఈ గుర్తింపులు చూస్తున్నాయి. మీరు చేరిన సంవత్సరానికి ఆ కోర్సుకి గుర్తింపు ఉన్న లేఖ యూనివర్సిటీ నుంచి తెప్పించి అర్జీకి జతచేయండి. బీఈడీ అయితే ఎన్‌సీటీఈ (జాతీయ ఉపాధ్యాయ విద్యా మండలి) గుర్తింపు వేరుగా చూపాలి. దాంతోపాటు రిజిస్ట్రారు సంతకంతో జెన్యూన్‌నెస్ లేఖ ఒకటి. ఈ లేఖ మీరు తెచ్చినా ఆఫీసు సొంతంగా మళ్లీ యూనివర్సిటీకి రాస్తుంది, అది రూలు. వాళ్లు రాశారో లేదో నెలకోసారి అడుగుతూ ఉండండి.

ఇంజనీర్లకు 2017 నవంబరు 3 తీర్పు గుండె గుభేల్‌మనిపించింది. నాలుగు డీమ్డ్ యూనివర్సిటీలు కరస్పాండెన్స్‌లో ఇచ్చిన బీటెక్ పట్టాలు అనుమతి లేనివని సుప్రీంకోర్టు తేల్చింది. ఏఈలుగా (అసిస్టెంట్ ఇంజనీర్లుగా) ఉంటూ ఆ పట్టాలతో ప్రమోషన్ ఆశించినవాళ్లు, పొందినవాళ్లు ఇరుక్కున్నారు. 2001 నుంచి 2005 మధ్య చేరినవాళ్లకు మాత్రం ఏఐసీటీఈ (సాంకేతిక విద్యా మండలి) పరీక్ష రాసి నెగ్గే అవకాశం ఇచ్చారు. అలాగే మామూలు డిగ్రీ లేకుండా ఓపెన్ పద్ధతిలో నేరుగా చేసిన పీజీ పనికిరాదని 2009లో అన్నామలై యూనివర్సిటీ కేసులో వచ్చింది. మీ కేసు వీటిలో పడితే, ఏ తేదీన చేరారన్నదే మీకున్న ఒకే ఆధారం కావచ్చు.

సబ్జెక్టు పేచీ టీచర్లదే. స్కూల్ అసిస్టెంటు గణితం పోస్టుకు డిగ్రీలో గణితం, బీఈడీలో గణితం మెథడాలజీ రెండూ అడుగుతారు. డిగ్రీలో ఉండి మెథడాలజీ వేరే అయితే ప్రమోషన్ ప్యానెల్‌లో (జాబితాలో) పేరు రాదు. వాదన పెట్టేముందు సర్వీసు రూల్సులో ఆ పోస్టు ఎదురుగా ఏ మాటలు రాశారో అక్షరం అక్షరం చదవండి. ఆ జాబితాలో ఉంటేనే మీకు అర్హత. ‘సమానమైన డిగ్రీ’ అని రూలులో లేకపోతే కోర్టు కూడా సమానం చేసి పెట్టదు.

టెట్ (ఉపాధ్యాయ అర్హత పరీక్ష) సంగతి వేరు. ఒకటి నుంచి ఎనిమిది తరగతుల టీచర్లకు కనీస అర్హతలను ఎన్‌సీటీఈ 2010 ఆగస్టు 23న ప్రకటించింది. 2025 సెప్టెంబరు 1 తీర్పులో సుప్రీంకోర్టు, ఐదేళ్లకు మించి సర్వీసు మిగిలినవారు రెండేళ్లలో టెట్ పాసవ్వాలని, ఐదేళ్లలోపు ఉన్నవారు కొనసాగవచ్చు గానీ ప్రమోషన్ కావాలంటే టెట్ తప్పదని చెప్పింది. పాతికేళ్లు పాఠం చెప్పిన మనిషికి ఈ వయసులో పరీక్షా అని కోపం రావడం సహజమే. కోపం కోపమే, దరఖాస్తు దరఖాస్తే. ఆఖరు తేదీ దాటనివ్వకండి.

12 ఏళ్ల స్కేలు ఎందుకు ఆగుతుంది

ఆటోమేటిక్ అడ్వాన్స్‌మెంట్ అన్న పేరు చూసి అదంతటదే వస్తుందనుకుంటారు. 6, 12, 18, 24 ఏళ్లకు (ఆంధ్రలో 2022 స్కేళ్లతో 30 ఏళ్లది కూడా చేరింది) పై స్కేలు ఇవ్వడం ఈ పథకం. ఆరేళ్లది ప్రమోషన్ అర్హత అడగదు. 12, 24 ఏళ్ల మెట్ల దగ్గర మాత్రం పై పోస్టుకు కావాల్సిన అర్హత మీకుండాలి. ఎస్‌జీటీకి 12 ఏళ్ల స్కేలంటే డిగ్రీ, బీఈడీ ఉండాలి. స్కూల్ అసిస్టెంటుకి హెడ్మాస్టరు పోస్టు అర్హత, అంటే జీవోటీ, ఈవోటీ డిపార్ట్‌మెంటల్ టెస్టులు. పేపరు కోడ్లు 88, 97, 141 తెలియని స్కూల్ అసిస్టెంటు ఉండరు, పాసవని వాళ్లు మాత్రం బోలెడు.

ప్రమోషన్ వచ్చినప్పుడు ‘ఊరొదిలి పోలేను, వద్దు’ అని రాసిచ్చినవారికి ఆ తర్వాత ఈ స్కేళ్లు రావు. రాసిచ్చే రోజు ఇది ఎవరూ చెప్పరు. పిల్లల చదువు, అమ్మ ఆరోగ్యం అని రాసిచ్చేసి, పదేళ్లకు స్కేలు ఆగిపోయాక నా దగ్గరికొస్తారు. అప్పుడు చేసేదేమీ ఉండదు. అందుకే ఆ కాగితం మీద సంతకం చేసేముందు రెండు వైపులా ఎంత పోతుందో లెక్క వేసుకోండి.

అర్జీ ఎలా రాయాలి

ఒక పేజీ చాలు. మీ కష్టాలు, నిజాయితీ, పిల్లల పెళ్లిళ్లు ఇందులో రాయొద్దు. ఫైలు చూసే సీనియర్ అసిస్టెంటుకి కావాల్సింది మూడే: ఏం జరిగింది, ఏ రూలు, ఏం కావాలి. ఇలా రాయండి:

విషయం: స్కూల్ అసిస్టెంటుగా ప్రమోషన్‌లో ఎఫ్ఆర్ 22(బి) కింద వేతన స్థిరీకరణ సవరించుట గురించి.

సూచిక: 1. ప్రమోషన్ ప్రొసీడింగ్స్ నంబరు, తేదీ. 2. నా ఆప్షన్ లేఖ, ఇన్వర్డ్ నంబరు, తేదీ. 3. ఫిక్సేషన్ ప్రొసీడింగ్స్ నంబరు, తేదీ.

‘సూచిక 1 ప్రకారం నేను ఫలానా తేదీన విధుల్లో చేరాను. నా ఇంక్రిమెంటు తేదీ ఆగస్టు 1 నుంచి ఎఫ్ఆర్ 22(బి) వర్తింపజేయవలసిందిగా సూచిక 2 ద్వారా నెలలోపే ఆప్షన్ ఇచ్చాను. సూచిక 3లో దాన్ని పరిగణనలోకి తీసుకోకుండా చేరిన తేదీ నుంచే స్థిరీకరించారు. నాకు రావలసిన వేతనం లెక్క జతచేస్తున్నాను. కావున ఫిక్సేషన్ సవరించి, బకాయిలు మంజూరు చేయవలసిందిగా కోరుతున్నాను. అంగీకరించలేని పక్షంలో ఏ నియమం ప్రకారం కాదో తెలుపుతూ ఉత్తర్వు ఇప్పించగలరు.’

ఆ చివరి వాక్యం వదలకండి. దాన్నిబట్టే వాళ్లు కారణం రాసి తీరాలి. ‘తిరస్కరించడమైనది’ అని ఒక్క ముక్కతో పంపేస్తే రేపు కోర్టులో ఆ ఉత్తర్వు నిలబడదు.

డీడీవో ద్వారానే పంపండి. తపాలు సెక్షన్‌లో ఇచ్చి మీ నకలు మీద ముద్ర, తేదీ, నంబరు వేయించుకోండి. ముందస్తు ప్రతి ఒకటి పై అధికారికి స్పీడ్ పోస్టులో వేస్తే రసీదు సాక్ష్యం. జతపరచినవాటికి నంబర్లు వేసి, ఒరిజినల్ ఒక్కటి కూడా ఇవ్వకండి. ఇచ్చిన ఒరిజినల్ మళ్లీ కనిపించదు, అది మన ఆఫీసుల్లో భూతవైద్యుడికి కూడా దొరకదు.

ఆ తర్వాత ‘క్లారిఫికేషన్ కోసం పైకి రాశాం’ అంటారు. ఈ మాట విన్నరోజు ఆ లేఖ నంబరు, తేదీ అడిగి రాసుకోండి. నంబరు చెప్పలేకపోతే రాయలేదని అర్థం.

ఏళ్ల తరబడి గుర్తుచేస్తూ ఉంటే కేసు బతికే ఉంటుందన్నది అపోహ. అర్జీ మీద అర్జీ పెట్టినంత మాత్రాన గడువు పెరగదని 1989లో ఎస్.ఎస్. రాథోర్ కేసులోనూ, 2008లో సి. జాకబ్ కేసులోనూ సుప్రీంకోర్టు చెప్పేసింది. జీతం తప్పుగా వేస్తున్నంతకాలం నెలనెలా కొత్త నష్టమేనని 1995లో ఎం.ఆర్. గుప్తా కేసులో వచ్చిన మాట మనకు ఊరట. కానీ 2008 తర్సేమ్ సింగ్ తీర్పు దానికి హద్దు గీసింది. ఆలస్యంగా వస్తే ఫిక్సేషన్ సరిచేస్తారు గానీ, బకాయిలు కేసు వేసిన తేదీకి ముందు మూడేళ్లకే. అందుకే ఆరు నెలలు చూసి జవాబు రాకపోతే ఇక ఆగొద్దంటాను.

స్కేలే తక్కువైతే

‘ఆ పోస్టూ మాదీ ఒకే పని, వాళ్లకెందుకు ఎక్కువ?’ 1982లో రణధీర్ సింగ్ అనే ఢిల్లీ పోలీసు డ్రైవరు ఈ ప్రశ్నతోనే సుప్రీంకోర్టుకెళ్లి గెలిచాడు. సమాన పనికి సమాన వేతనం అన్న మాటకి బలం వచ్చింది అక్కడే. అయితే చదువు వేరైతే స్కేలు వేరు చేయొచ్చన్న తీర్పు అంతకు చాలా ముందే ఉంది, అదీ మన హైదరాబాదు రాష్ట్రపు ఉద్యోగిదే. రాష్ట్రాల పునర్విభజనలో మైసూరుకి వెళ్లిన నరసింగరావు అనే ట్రేసరు, మెట్రిక్ పాసైన ట్రేసర్లకి ఒక స్కేలు, కానివారికి ఒకటి పెట్టడం తప్పన్నాడు. పని ఒకటే అయినా చదువును బట్టి తేడా పెట్టడం చెల్లుతుందని తేలింది. 1989లో ఎయిమ్స్ హియరింగ్ థెరపిస్టు మేవారామ్ కనోజియా కేసులోనూ అర్హతలు వేరన్న కారణమే అడ్డొచ్చింది. 2016లో జగ్జీత్ సింగ్ తీర్పు కాంట్రాక్టు, తాత్కాలిక ఉద్యోగులకు రెగ్యులర్ పోస్టు స్కేలు మొదటి మెట్టు ఇవ్వాలన్నా, పని అంతా సమానమని నిరూపించే బరువు ఉద్యోగి మీదే ఉంచింది.

కాబట్టి కేడర్ మొత్తానికి సంబంధించిన స్కేలు అయితే సంఘం ద్వారా పీఆర్సీకి గానీ, అనామలీస్ కమిటీకి గానీ వినతి ఇవ్వండి. నియామక అర్హతలు, విధుల జాబితా, పక్క పోస్టు స్కేలు మూడూ ఒక పట్టికలో పెట్టి ఇస్తే చదువుతారు. 2022 ఫిబ్రవరి 3న విజయవాడ రోడ్ల మీద ఉద్యోగులు నిండిపోయాక ఇంటద్దె శ్లాబులు మారాయి. కోర్టు ఆ పని చేసి పెట్టేది కాదు.

రికవరీ నోటీసు వస్తే

పైన చెప్పిన ఆడిట్ ఇక్కడ తేలుతుంది. ఎక్కువగా రిటైర్మెంట్ దగ్గర, పెన్షను ప్రతిపాదనలు వెళ్లినప్పుడు ‘2009 నుంచి ఒక ఇంక్రిమెంటు ఎక్కువ ఇచ్చారు, ఇన్ని లక్షలు కట్టండి’ అని వస్తుంది. కంగారుపడి ఒప్పుకోలు లేఖ రాయకండి, వాయిదాల్లో కడతానని అసలు రాయకండి. ముందు నోటీసిచ్చి మీ జవాబు వినకుండా కోత పెట్టడం చెల్లదు. 2014 డిసెంబరు 18న రఫీక్ మసీహ్ కేసులో సుప్రీంకోర్టు ఏయే సందర్భాల్లో రికవరీ కుదరదో చెప్పింది: మూడు, నాలుగు తరగతుల ఉద్యోగులు, రిటైరైనవారు లేదా ఏడాదిలో రిటైరయ్యేవారు, ఐదేళ్లకు మించి చెల్లింపు జరిగిపోయినవి, పై పోస్టు పని చేయించుకుని ఇచ్చిన జీతం, వసూలు చేస్తే మరీ క్రూరం అనిపించేవి. 2022లో కేరళ టీచరు థామస్ డేనియల్ కేసులోనూ ఉద్యోగి మోసం చేయనప్పుడు వసూలు వద్దని చెప్పింది.

ఒక మెలిక ఉంది. పీఆర్సీ ఆప్షన్ ఫారంలో ‘ఎక్కువ చెల్లిస్తే తిరిగి కడతాను’ అన్న హామీ కింద మీరు సంతకం చేసి ఉంటారు. 2016 జగ్‌దేవ్ సింగ్ తీర్పు ఆ హామీకి విలువిచ్చింది. కనుక మీ జవాబులో ఆ ఫారం ఏ తేదీది, ఏ చెల్లింపుకి సంబంధించినదో స్పష్టంగా విడదీసి చెప్పాలి. ఇంకోటి, కోర్టు ఆపేది పాత డబ్బు వసూలునే. బేసిక్‌ని ఇకమీదట తగ్గించి సరిచేయడాన్ని ఆపమనదు. రెండూ ఆగుతాయని చెప్పే వకీలు ఉంటే ఇంకొకరిని అడగండి.

కోర్టుకి వెళ్లాల్సి వస్తే

మన ఉమ్మడి రాష్ట్రపు అడ్మినిస్ట్రేటివ్ ట్రైబ్యునల్ ఇప్పుడు రెండుచోట్లా లేదు. ఆంధ్రవాళ్లు అమరావతి హైకోర్టుకీ, తెలంగాణవాళ్లు హైదరాబాదు హైకోర్టుకీ రాజ్యాంగం 226 అధికరణం కింద రిట్ వేయాలి. రైల్వే, పోస్టల్ వంటి కేంద్ర ఉద్యోగులకు హైదరాబాదులో క్యాట్ (సెంట్రల్ అడ్మినిస్ట్రేటివ్ ట్రైబ్యునల్) ఉంది. అక్కడ తుది ఉత్తర్వు వచ్చిన ఏడాదిలోపు, జవాబే రాకపోతే అర్జీ తర్వాత ఆరు నెలలు గడిచాక ఏడాదిలోపు వెళ్లాలి.

‘అర్జీని పరిశీలించమని ఆదేశించండి’ అని వేసే రిట్ తేలిగ్గా, త్వరగా అయిపోతుంది. ఫీజూ తక్కువే. కానీ అప్పటికే తిరస్కరణ ఉత్తర్వు చేతిలో ఉన్నవాళ్లు ఇది వేయడం డబ్బు దండగ. మళ్లీ పరిశీలించి మళ్లీ కాదంటారు. ఆ ఉత్తర్వునే రద్దు చేయమని, ఏ తేదీ నుంచి ఏ బేసిక్ వేయాలో అంకెతో సహా అడగాలి. తీర్పొచ్చాక అమలు చేయకపోతే కోర్టు ధిక్కరణ కేసుకి ఏడాదే గడువు, దాన్ని క్యాలెండర్‌లో రాసి పెట్టుకోండి.

గెలిచాక చేయాల్సింది

ఉత్తర్వు నకలు ఇచ్చి కొత్త ఫిక్సేషన్ ప్రొసీడింగ్స్ తీయించండి. ఒక్క మెట్టు మారితే ఆ తర్వాత వచ్చిన ప్రతి పీఆర్సీ ఫిక్సేషన్, ప్రతి ఏఏఎస్ స్కేలు మళ్లీ వేయాలి. ఆఫీసులో మొదటిది సరిచేసి మిగతావి వదిలేయడం పరిపాటి. జీతాల బిల్లులు నడిచే ఆన్‌లైన్ వ్యవస్థలో, అంటే ఆంధ్రలో సీఎఫ్ఎంఎస్‌లో, తెలంగాణలో ఐఎఫ్ఎంఐఎస్‌లో బేసిక్ మారిందో లేదో మరుసటి నెల పేస్లిప్‌లో చూడండి. బకాయిలు ఒకేసారి వస్తే ఆదాయపు పన్ను ఎక్కువ పడుతుంది. పాత సంవత్సరాలకు సర్ది ఉపశమనం పొందే వీలుంది గానీ, దాని ఫారం రిటర్నుకంటే ముందు ఆన్‌లైన్‌లో వేయాలి.

చివరగా ఎస్సార్. కొత్త బేసిక్ ఎంట్రీ ఎర్రసిరాతో పడిందా, దాని కింద డీడీవో సంతకం, తేదీ, ముద్ర ఉన్నాయా చూసుకుని, ఆ పేజీ ఫొటో తీసుకుని అప్పుడు ఇంటికి బయలుదేరండి.